మోంత్రో వంతెన, 1419: బర్గండీ డ్యూక్ జాన్ హత్య ముందే వేసిన పథకమా, మాటా మాటా పెరిగి జరిగిందా?

కోటగుమ్మం

1419 సెప్టెంబరు 10, ఆదివారం సాయంత్రం. యోన్ నది సీన్ నదిలో కలిసే చోట ఉన్న మోంత్రో అనే ఊళ్ళో వంతెన మీద చెక్కలతో ఒక ఆవరణ కట్టారు. అటు నుంచి ఒక తలుపు, ఇటు నుంచి ఒక తలుపు. ఒక్కో పక్షానికి పదిమంది తోడు. లోపలికి వెళ్ళిన బర్గండీ డ్యూక్ జాన్ మళ్ళీ బయటికి రాలేదు. ఫ్రాన్స్ యువరాజు చార్లెస్ మనుషులు ఆయన్ని గొడ్డలితో నరికేశారు. రెండు నెలల కిందటే పుయ్యీ దగ్గర ఇద్దరూ కలుసుకుని, కౌగిలించుకుని, ఇక గొడవలు వద్దని ప్రమాణాలు చేసుకున్నారు. కలిసి ఇంగ్లండు రాజు ఐదో హెన్రీతో యుద్ధం చేద్దామనుకున్నారు. చివరికి జరిగింది ఇది.

జాన్ ఎవరో తెలియనివాళ్ళ కోసం క్లుప్తంగా చెప్తాను. ఫ్రాన్స్ రాజు రెండో జాన్ చిన్నకొడుకు ఫిలిప్ 14 ఏళ్ళ వయసులో, 1356లో, ప్వాతియే యుద్ధంలో తండ్రి పక్కనే నిలబడి పోరాడాడు. ఆయనతో పాటే ఇంగ్లండుకు ఖైదీగా వెళ్ళాడు. 1363లో అతనికి బర్గండీ దక్కింది. 1369లో ఫ్లాండర్స్ వారసురాలు మార్గరెట్‌ను పెళ్ళి చేసుకున్నాడు. 1384లో మామగారు పోయాక ఫ్లాండర్స్, ఆర్త్వా, ఇంకా బోలెడు ఆస్తి వచ్చిపడింది. వాళ్ళ పెద్దకొడుకే ఈ జాన్. 1371లో డిజోన్‌లో పుట్టాడు. 1396లో నికోపోలిస్ దగ్గర టర్కీ సుల్తాన్ బాయజీద్ చేతికి చిక్కి, 2 లక్షల బంగారు నాణేలు కడతామంటే బయటపడ్డాడు. 1404లో తండ్రి పోయాక డ్యూక్ అయ్యాడు. 1407లో సొంత పెదనాన్న కొడుకు, పిచ్చి రాజు ఆరో చార్లెస్‌కు తమ్ముడు అయిన ఓర్లియాన్ డ్యూక్ లూయీని పారిస్ వీధిలో చంపించాడు. పన్నెండేళ్ళ తర్వాత మోంత్రోలో అది తిరిగొచ్చి తగిలింది.

నా వాదన సూటిగా చెప్తాను. ఇది పథకం ప్రకారం చేసిన హత్య. యువరాజు చుట్టూ ఉన్నవాళ్ళే కాదు, యువరాజుకు కూడా తెలుసు. ఎందుకంటే ఆవరణ కట్టిన తీరు చూడండి. ఆ రోజుల్లో శత్రువులు వంతెన మీద కలిస్తే మధ్యలో అడ్డు కట్టడం మామూలు. ఇక్కడ మధ్యలో ఏమీ లేదు, చుట్టూ మాత్రం గట్టిగా ఉంది. లోపలికి వచ్చినవాళ్ళను చూడండి. గియోమ్ బతాయ్ అనేవాడు చనిపోయిన ఓర్లియాన్ లూయీ దగ్గర పనిచేసినవాడు. గొడ్డలి వేశాడని చెప్పే తానెగీ ద్యు షాతెల్ అంతకు ముందు ఏడాదే బర్గండీ మూకల నుంచి తప్పించుకుని పారిస్ వదిలి పారిపోయినవాడు. శాంతి మాట్లాడటానికి ఇలాంటివాళ్ళను ఎవరైనా వెంట తీసుకెళ్తారా?

---

సీన్_ఒడ్డు

కోటగుమ్మం గారు, మీరు కథ చెప్పిన తీరు బాగుంది కానీ ముగింపు ముందే రాసుకుని వెనక్కి వచ్చినట్టుంది.

ఒక్క ప్రశ్న. ఈ హత్య వల్ల యువరాజుకు ఒరిగిందేమిటి? తొమ్మిది నెలలు తిరగకుండా 1420 మే 21న ట్రువా ఒప్పందం జరిగింది. కన్న తల్లిదండ్రులే అతన్ని వారసత్వం నుంచి తీసేశారు. అక్క కేథరిన్‌ను ఐదో హెన్రీకి ఇచ్చి, సింహాసనం కూడా అల్లుడికే రాసిచ్చారు. చంపితే ఇలా అవుతుందని అర్థం చేసుకోవడానికి గొప్ప తెలివేమీ అక్కర్లేదు. జాన్‌కు కొడుకున్నాడు, పేరు ఫిలిప్, వయసు 23. ఉత్తరాన ఫ్లాండర్స్ నుంచి కింద బర్గండీ దాకా భూమి ఉంది, సైన్యం ఉంది. తండ్రిని చంపితే కొడుకు ఊరుకుంటాడా? నేరుగా ఇంగ్లండు పక్కకు పోతాడు. పోయాడు కూడా.

తోడు వచ్చినవాళ్ళ గురించి అన్నారు కదా. యువరాజు దగ్గర ఇంకెవరున్నారండీ తీసుకురావడానికి? 1418 మే 29 తెల్లవారుజామున బర్గండీ వాళ్ళు పారిస్‌లోకి చొరబడ్డారు. జూన్ 12న జైళ్ళు పగలగొట్టి అవతలి పక్షం (ఆర్మాన్యాక్ పక్షం) నాయకుడు బెర్నార్డ్ దార్మాన్యాక్‌ను, ఆయనతో పాటు వందల మందిని నరికారు. చొరబడ్డ ఆ మే రాత్రి నిద్రపోతున్న యువరాజును లేపి బాస్టీల్ కోటకు చేర్చి ప్రాణం కాపాడింది ఈ తానెగీయే. అప్పుడు కుర్రాడికి 15 ఏళ్ళు. ఆ తర్వాత అతను నమ్మేది ఎవరిని? బర్గండీ అంటే పడనివాళ్ళు తప్ప అతని చుట్టూ మనుషులే లేరు.

ఇలాంటివాళ్ళు పదిమంది ఒకవైపు, వాళ్ళ బంధువులను నరికించిన మనిషి ఇంకోవైపు, మధ్యలో నాలుగడుగుల దూరం. అందరి దగ్గరా కత్తులు. నిప్పు అంటుకోవడానికి పథకం అవసరమా?

---

టిఫిన్_టైమ్

పథకమైతే ఏంటి, కాకపోతే ఏంటి? చేసుకున్నవాడికి చేసుకున్నంత.

1407 నవంబరు 23 రాత్రి ఓర్లియాన్ లూయీని ఎలా చంపారో ఒకసారి చదవండి. రాణి ఇసబోకు పుట్టిన బిడ్డ పోతే పలకరించడానికి వెళ్ళాడు. రాజుగారు వెంటనే రమ్మంటున్నారని దొంగ కబురు పంపారు. నమ్మి, కొద్దిమందితో కంచరగాడిద ఎక్కి బయల్దేరాడు. వియెయ్ ద్యు తాంప్ల్ వీధిలో ముందే అద్దెకు తీసుకున్న ఇంట్లో కాచుకుని ఉన్న మనుషులు మీద పడ్డారు. ఎడమ చెయ్యి తెగి పడింది, తల పగిలింది. మర్నాడు ఈ జాన్ గారు నల్లబట్టలు వేసుకుని శవం వెనక ఏడుస్తూ నడిచాడు. పోలీసు అధికారి తీన్యోన్‌విల్ "రాజకుమారుల ఇళ్ళు కూడా వెతుకుతాను, అనుమతి ఇవ్వండి" అనేసరికి ముఖం మాడిపోయింది. పెదనాన్న బెరీ డ్యూక్‌ను పక్కకు తీసుకెళ్ళి "నేనే చేయించాను, దెయ్యం పట్టింది" అని ఒప్పుకుని ఫ్లాండర్స్‌కు చెక్కేశాడు.

అది పథకం అంటే. మోంత్రోలో అతనికి కనీసం ఎదురుగా నిలబడి చంపారు.

---

పాతకాగితం

నేను వృత్తిరీత్యా లాయర్‌ని. వారసత్వం కేసులే ఎక్కువ. అన్నదమ్ముల మధ్య కత్తులు దాకా వచ్చిన కేసుల్లో సాక్ష్యం ఎలా ఉంటుందో తెలుసు కాబట్టి రెండు మాటలు.

టిఫిన్_టైమ్ గారు, మృతుడు మంచివాడా చెడ్డవాడా అన్నది ఈ ప్రశ్నకు సంబంధం లేదు. ఆ వాదన మొదలుపెట్టింది జాన్ పక్షమే. 1408 మార్చి 8న సాంపోల్ భవనంలో ఝాఁ పెతీ అనే మతపండితుడు గంటల తరబడి ఉపన్యాసం ఇచ్చాడు. సారాంశం ఏమిటంటే లూయీ నిరంకుశుడు, నిరంకుశుణ్ణి ఎవరి ఆజ్ఞా లేకుండా ఎవరైనా చంపవచ్చు, అది పుణ్యకార్యం. ఇప్పుడు మీరు "చేసుకున్నవాడికి చేసుకున్నంత" అంటే, మీరు కూడా ఝాఁ పెతీ వైపు నిలబడ్డట్టే. ఆశ్చర్యం ఏమిటంటే మోంత్రో తర్వాత యువరాజు పక్షం ఈ వాదన ఎత్తుకోలేదు. మేం దుష్టుణ్ణి శిక్షించాం అనలేదు. ఊళ్ళకు రాసిన లేఖల్లో, డ్యూకే తలపొగరుగా మాట్లాడి కత్తి మీద చెయ్యి వేశాడు, అక్కడున్నవాళ్ళు అడ్డుకున్నారు అని చెప్పింది. అంటే ఆత్మరక్షణ.

ఇక అసలు విషయం. మనకు చేరిన కథనాల్లో నాకు బాగా ఆసక్తి కలిగించేది మోన్‌స్త్రెలే రాసింది. ఆయన బర్గండీ వైపు మొగ్గే చరిత్రకారుడు. జాన్ లోపలికి వచ్చి యువరాజు ముందు మోకాలి మీద కూర్చున్నాడట. కూర్చున్నప్పుడు నడుముకున్న కత్తి వెనక్కి జారింది. లేస్తూ దాన్ని ముందుకు లాక్కోవడానికి పిడి మీద చెయ్యి వేశాడు. పక్కనున్న రాబర్ ద లేరే "యువరాజు ఎదుటే కత్తి మీద చెయ్యి వేస్తారా?" అన్నాడు. వెంటనే తానెగీ "ఇదే సమయం" అని గొడ్డలి ఎత్తాడు.

గమనించండి. కత్తి మీద చెయ్యి పడిందని రెండు పక్షాలూ ఒప్పుకుంటున్నాయి. బర్గండీవైపు మనిషి కూడా దాన్ని దాచలేదు. కాబట్టి ఆ కదలిక నిజమే అయ్యుండాలి. అది చూసి ఒకరు దాడి అనుకున్నారు, ఒకరు సర్దుకోవడం అన్నారు. నేను ఆ రోజు కోర్టులో ఉంటే సీన్_ఒడ్డు గారి వైపు ఈ ఒక్క పాయింట్ మీదే గంటసేపు వాదించేవాణ్ణి. కానీ "ఇదే సమయం" అన్న మాట నిజమైతే మాత్రం కేసు పోయినట్టే. సమయం కోసం ఎదురుచూసేవాడికే ఆ మాట వస్తుంది.

---

కోటగుమ్మం

నేను చెప్పాల్సింది లాయరు గారే చెప్పేశారు. "ఇదే సమయం" అన్న తర్వాత ఇంకేం కావాలి?

దానికి తోడు బార్బజాన్ సంగతి ఉంది. యువరాజు పక్షంలో పేరున్న యోధుడు, గౌరవం ఉన్న మనిషి. హత్య జరిగాక ఆయన, దీన్ని తలపెట్టినవాళ్ళను మొహం మీదే తిట్టాడని అదే మోన్‌స్త్రెలే రాశాడు. మీ ప్రభువు పరువు మంటగలిపారు, ఇది చూడటం కంటే చావడం నయం అన్నాడట. తలపెట్టినవాళ్ళు అంటే? క్షణికావేశంలో జరిగినదాన్ని ఎవరూ తలపెట్టరు.

---

పాతకాగితం

నేను మీ పక్షం అనుకోకండి. మోన్‌స్త్రెలే అక్కడ లేడు. విన్నది రాశాడు. ఆవరణ లోపల ఉన్నవాళ్ళలో వాంగ్మూలం ఇచ్చినవాడు డ్యూక్ కార్యదర్శి సెగినా. ఆయన హత్య ముందే అనుకున్నదే అన్నట్టు చెప్పాడు. కానీ ఆయన మృతుడి జీతగాడు. మృతుడి భార్య, కొడుకు న్యాయం కోసం సాక్ష్యాలు పోగుచేస్తున్న రోజుల్లో ఇచ్చిన వాంగ్మూలం అది. అబద్ధమని అనను. ఏ జడ్జీ అయినా రెండుసార్లు ఆలోచిస్తాడు అంటాను.

బార్బజాన్ మాట మీకే ఎదురు తిరుగుతుంది. యువరాజుకు అంత దగ్గరివాడికి ముందుగా తెలియదంటే, పథకం చాలా కొద్దిమంది మధ్యే ఉందన్నమాట. మరి ఆ కొద్దిమందిలో యువరాజు ఉన్నాడని మీకెవరు చెప్పారు?

---

వైదేహి_మ

మగవాళ్ళందరూ కత్తి పిడి దగ్గరే ఆగిపోయారు. జాన్ ఆ వంతెన మీదకు ఎందుకు వెళ్ళాడో ఎవరూ అడగలేదు. బ్రే ఊళ్ళో ఉండగా సొంత మనుషులే వద్దన్నారు. చాలాసేపు తటపటాయించాడు. అయినా వెళ్ళాడు. ఎందుకంటే అవతల ఉన్నవాడు ఒట్టి శత్రువు కాదు, ఇంటి కుర్రాడు.

జాన్ పెళ్ళిళ్ళ లెక్క చూడండి. ఆయన పెళ్ళే ఒక ఒప్పందం. 1385 ఏప్రిల్‌లో కాంబ్రెలో రెండు పెళ్ళిళ్ళు ఒకేసారి జరిగాయి. జాన్‌కు బవేరియా మార్గరెట్‌ను చేశారు, జాన్ చెల్లెలిని మార్గరెట్ తమ్ముడు విలియమ్‌కు ఇచ్చారు. మన కుండమార్పిడి లాంటిదే. జాన్‌కు ఒక్కడే కొడుకు, ఏడుగురు కూతుళ్ళు. ఆ ఒక్క కొడుకు ఫిలిప్‌కు 1409లో రాజు కూతురు మిషెల్‌ను చేసుకున్నారు. కూతురు మార్గరెట్‌ను రాజుకు బతికున్న కొడుకుల్లో పెద్దవాడు, అప్పటి యువరాజు లూయీకి ఇచ్చారు. (మన వరసల్లో అయితే మిషెల్, ఫిలిప్ అక్కాతమ్ముళ్ళు అవుతారు. తాతలు సొంత అన్నదమ్ములు. మా అమ్మమ్మ ఇది వింటే చెవులు మూసుకునేది.)

1415 డిసెంబరులో అల్లుడు లూయీ చనిపోయాడు. తర్వాతి యువరాజు, లూయీ తమ్ముడు జాన్, ఎవరికి అల్లుడు? పైన చెప్పిన చెల్లెలి కూతురు జాక్లిన్‌కు మొగుడు. అంటే అతనూ బర్గండీ ఇంటివాడే. 1417లో అతనూ పోయాడు. అప్పుడు మిగిలింది ఈ చిన్నవాడు చార్లెస్. ఇతను ఎవరింట్లో పెరిగాడు? అంజూ డ్యూక్ వాళ్ళింట్లో. కాబోయే అత్తగారు యోలాందే దగ్గర.

ఈ అంజూ వాళ్ళకూ జాన్‌కూ ఉన్న పేచీ ఏమిటి? జాన్ కూతురు కేథరిన్‌ను యోలాందే కొడుక్కి ఇద్దామని మాట అనుకుని, పిల్లను వాళ్ళింటికే పంపేశారు. 1413లో పారిస్‌లో జాన్ అండతో కసాయివాళ్ళు, తోళ్ళు తీసేవాళ్ళు చేసిన తిరుగుబాటు విఫలమై ఆయన పలుకుబడి పోయేసరికి, అంజూ వాళ్ళు పిల్లను, పెట్టిపోతలను వెనక్కి పంపేశారు. మరుసటి ఏడాది ఆ పిల్ల పెళ్ళి కాకుండానే చనిపోయింది. ఈ అవమానాన్ని జాన్ మరిచిపోలేదు.

కాబట్టి మోంత్రోకు వెళ్ళేటప్పుడు జాన్ మనసులో ఉన్నది నా అంచనాలో ఇదీ: ఇద్దరు యువరాజులు నా వాళ్ళే, చేజారిపోయారు, ఈ మూడోవాణ్ణి అంజూ వాళ్ళ చేతుల్లోంచి, ఆర్మాన్యాక్ వాళ్ళ చేతుల్లోంచి లాక్కోవాలి. కుర్రాడికి తను బాబాయి వరస, అక్కకు మామగారు, చనిపోయిన అన్నకు పిల్లనిచ్చిన మామ. నెమ్మదిగా దారిలోకి తెచ్చుకోవచ్చు అనుకున్నాడు. యువరాజు చుట్టూ ఉన్నవాళ్ళు భయపడిందీ సరిగ్గా దీనికే. ఒప్పందం నిలబడితే అందరికంటే ముందు పదవులు పోయేది తానెగీకి, యువరాజు సలహాదారు లూవేకి. కుర్రాడికి కాదు.

అందుకని నా ఓటు పథకమే అన్నవైపు. కానీ యువరాజు మీద మాత్రం వేయను.

---

సీన్_ఒడ్డు

వైదేహి గారు, ఈ థ్రెడ్‌లో ఇంతవరకు వచ్చిన వాటిలో ఇదే గట్టి వాదన. పదవులు పోతాయన్న భయం నేను ఒప్పుకుంటాను. అయినా భయం వేరు, పథకం వేరు.

నేను పారిస్‌లోనే ఉంటాను. ఎతియెన్ మార్సెల్ వీధిలో జాన్ కట్టించిన బురుజు ఇప్పటికీ ఉంది, టికెట్ కొని ఎక్కవచ్చు. లూయీని చంపించిన తర్వాత, 1409 నుంచి 1411 మధ్య కట్టించాడు. మెలికల మెట్లు ఎక్కుతూ పోతే పైన రాతి కప్పు మీద చెట్టు కొమ్మలు చెక్కి ఉంటాయి. సింధూర వృక్షం ఆకులు తండ్రి ఫిలిప్‌వి, ముళ్ళ పొద ఆకులు తల్లివి, హాప్స్ తీగ జాన్‌ది. మూడూ ఒకదాంట్లో ఒకటి అల్లుకుని ఉంటాయి. ఊరి నడిబొడ్డున అంత గోడ కట్టుకున్న మనిషి, తనను చంపడానికి ఎవరో ఒకరు వస్తారని పదేళ్ళుగా అనుకుంటూనే ఉన్నాడు. అలాంటివాడు వంతెన మీద చెయ్యి కత్తి దగ్గర పెట్టుకోకుండా ఉంటాడా? ఎదురుగా ఉన్నవాళ్ళు కూడా అంతే ఉలికిపాటులో ఉన్నారు.

ఇంకోటి. పథకం అంత పక్కాగా ఉంటే, డ్యూక్ వెంట వచ్చిన మోంతాగ్యు అడ్డుకట్ట దూకి ఎలా తప్పించుకున్నాడు? నవాయ్ ప్రభువు డ్యూక్‌ను కాపాడబోయి దెబ్బ తిని చనిపోయాడు. మిగతావాళ్ళను పట్టుకున్నారు, సెగినా సహా. సాక్షులను బతికించి, కథ చెప్పడానికి వదిలిపెట్టే పథకం ఎక్కడైనా విన్నారా?

---

కోటగుమ్మం

విన్నాం. 1407లో జాన్ కూడా సాక్షులను వదిలాడు. రెండు రోజుల్లో కథ బయటికొచ్చింది. పథకం వేసినవాళ్ళు తెలివైనవాళ్ళే అయ్యుండాలని రూలేం లేదు.

వైదేహి గారు జాన్ వెంట వెళ్ళిన పదిమందిలో ఒకణ్ణి వదిలేశారు. క్లెర్మోన్ కౌంట్, బూర్బోన్ ఇంటి చార్లెస్. జాన్ కూతురు ఆన్యెస్‌ను ఇతనికే ఇవ్వాలని మాట అయింది. కాబోయే మామను కళ్ళ ముందే నరికితే ఇతను ఏం చేశాడు? యువరాజు పక్షంలో చేరిపోయాడు! జియాక్ దొరసాని సంగతి సరేసరి. పుయ్యీలో ఇద్దరినీ కలిపింది ఆవిడే, మోంత్రోకు వెళ్ళమని జాన్‌కు నచ్చజెప్పిందీ ఆవిడే అంటారు. ఆవిడ కూడా తర్వాత అటే పోయింది. ఇన్ని కాకతాళీయాలా?

---

వైదేహి_మ

జియాక్ దొరసాని మీద నింద వేయడం తేలిక. ఆడమనిషి, డ్యూక్‌కు సన్నిహితురాలని పేరు. మగవాళ్ళ తెలివితక్కువ నిర్ణయాలన్నిటికీ చరిత్రలో ఒక దొరసాని దొరుకుతుంది. ఆవిడ వెళ్ళమన్నందుకు వెళ్ళాడా? 48 ఏళ్ళవాడు, మూడు యుద్ధాలు చూసినవాడు. ఇక క్లెర్మోన్ అంటారా, చేతిలో చిక్కినవాడికి పక్షం మార్చడం కంటే దారేముంది? ఆన్యెస్‌తో పెళ్ళి మాత్రం చివరికి జరిగింది, ఆరేళ్ళ తర్వాత. అంటే బర్గండీవాళ్ళే అతన్ని హంతకుల్లో కలపలేదు.

---

డాలస్_మామ

చర్చకు కాస్త పక్కదారి, క్షమించాలి. 2010లో జాన్, మార్గరెట్‌ల సమాధి మీది విగ్రహాలు అమెరికా తిప్పారు. డిజోన్ మ్యూజియం మరమ్మతుల్లో ఉండటంతో పంపించారు. మా ఊరికీ వచ్చాయి. ఒక్కోటి మూరెడు ఎత్తు కూడా ఉండదు, పాలరాయి లాంటి తెల్లరాయి. శవయాత్రలో నడిచే సన్యాసులు, బంధువులు. ఒకడు ముసుగును ముఖం మీదికి పూర్తిగా లాగేసుకున్నాడు, ముఖమే కనపడదు, బట్ట ముడతలే ఏడుస్తున్నట్టుంటాయి. ఇంకొకడు ముక్కు పట్టుకున్నాడు, శవం వాసనకో, జలుబుకో తెలియదు. సమాధి పూర్తయ్యేసరికి 1470 అయింది, చనిపోయిన యాభై ఏళ్ళకు.

ఇంకో కథ ఉంది. 1521లో రాజు మొదటి ఫ్రాన్సిస్ డిజోన్ వచ్చినప్పుడు మఠంలోని సన్యాసి జాన్ పుర్రె చూపించి, దానిలోని గొడ్డలి బొక్క మీద వేలు పెట్టి "ఇంగ్లండువాళ్ళు ఫ్రాన్స్‌లోకి వచ్చింది ఇందులోంచే" అన్నాడట. నిజమో కల్పనో గానీ పుర్రె గురించి ఇంతకంటే బాగా ఎవరూ చెప్పలేదు.

---

టిఫిన్_టైమ్

మామా, ఆ బొక్క వల్ల రాలేదు. 1415లోనే అజంకూర్‌లో గెలిచి వచ్చారు. అప్పుడు మీ డ్యూక్ గారు ఎక్కడున్నాడు? యుద్ధానికి రాలేదు. తమ్ముళ్ళు ఇద్దరూ, బ్రబాంత్ డ్యూక్ ఆంత్వాన్, నెవేర్ కౌంట్ ఫిలిప్, వెళ్ళి అక్కడే చచ్చిపోయారు. ఇతను మరుసటి ఏడాది కలేలో హెన్రీతో రహస్యంగా కూర్చున్నాడు. 1419 జనవరిలో రువాఁ పడిపోతుంటే చేతులు ముడుచుకున్నాడు. జులై ఆఖర్లో, పుయ్యీ ప్రమాణాలు చేసి ఇంకా నెల కూడా కాలేదు, పాంత్వాజ్ పోయింది, అప్పుడూ కదల్లేదు. యువరాజు పక్షానికి "ఇతను హెన్రీతో కలిసే ఉన్నాడు" అనిపించడంలో తప్పేముంది?

---

సీన్_ఒడ్డు

అదే నేనూ అంటున్నది. సెప్టెంబరు 10న యువరాజు మొదట నిలదీసింది దీని గురించే. ఇంగ్లండు మీద యుద్ధం చేస్తానన్నావు, ఎందుకు చెయ్యలేదు అని. చంపడానికి పిలిచినవాణ్ణి ఎవరైనా సంజాయిషీ అడుగుతారా?

ఆవరణ మధ్యలో అడ్డు లేదన్న పాయింట్‌కు మాత్రం ఒక చేర్పు, అది కోటగుమ్మం గారికే ఉపయోగపడుతుంది. 1475లో పికిన్యీ దగ్గర వంతెన మీద రాజు పదకొండో లూయీ, ఇంగ్లండు రాజు నాలుగో ఎడ్వర్డ్ కలిసినప్పుడు మధ్యలో సింహాల బోనుకు కట్టినట్టు గట్టి చెక్క జాలీ కట్టించారు. చెయ్యి దూరేంత సందు మాత్రమే. తలుపు పెట్టొద్దని లూయీ ప్రత్యేకంగా చెప్పాడు. మోంత్రోలో తలుపు ఉండటం వల్లే డ్యూక్ ఇవతలికి వచ్చి చనిపోయాడని ఆయనే గుర్తు చేశాడని, అక్కడే ఉన్న కొమీన్ రాశాడు. ఈ లూయీ ఎవరు? మోంత్రో యువరాజు చార్లెస్ కొడుకు. తండ్రి దగ్గర విన్న పాఠమే అయ్యుండాలి.

---

కోటగుమ్మం

ఉపయోగపడటం కాదు, నా కేసు అదే! కొడుకు మాటల్లోనే తప్పు తలుపుదని తేలింది. ఆ తలుపు పెట్టించింది ఎవరి మనుషులు? ఊరూ వంతెనా యువరాజు చేతిలో ఉన్నాయి. డ్యూక్‌కు ఇచ్చింది కోట ఒక్కటే.

---

పాతకాగితం

తలుపు గురించి చెప్పినవాడు అది పన్నాగమని చెప్పలేదు, ప్రమాదకరమని చెప్పాడు. రెండూ ఒకటి కాదు.

యువరాజు పాత్ర గురించి దొరికేవాటిలో అధికారికమైనది 1435 అర్రాస్ ఒప్పందం. అప్పటికి అతను రాజు ఏడో చార్లెస్. జాన్ కొడుకు ఫిలిప్‌తో రాజీ కుదుర్చుకోవడానికి, ఆ హత్య అన్యాయం, దుర్మార్గం, అప్పుడు నేను చిన్నవాణ్ణి, తెలిసీ తెలియని వయసు, అని ప్రతినిధుల చేత చెప్పించాడు. మోంత్రోలో ప్రార్థనలు చేయిస్తానని, వంతెన మీద శిలువ పెట్టిస్తానని, నేరస్థులను శిక్షిస్తానని ఒప్పుకున్నాడు. ఊళ్ళు ఇచ్చాడు. ఫిలిప్ బతికి ఉన్నంతకాలం తనకు సామంతుడిగా మొక్కనక్కర్లేదన్నాడు. దీన్ని నేరం ఒప్పుకోవడంగా చదవాలని చాలామందికి ఉబలాటం. నేనలా చదవను. పదహారేళ్ళ యుద్ధం ఆపడానికి సంతకం పెట్టిన కాగితం అది. అవతలివాళ్ళు రాసిచ్చిన మాటలకు తల ఊపడం రాజీ కేసుల్లో రోజూ చూస్తాం.

నా అభిప్రాయం అడిగితే, తానెగీ, మరో ఇద్దరు ముగ్గురు "అవకాశం వస్తే వదలొద్దు" అనుకునే లోపలికి వెళ్ళారు. కత్తి పిడి మీద పడ్డ చెయ్యి ఆ అవకాశం ఇచ్చింది. యువరాజుకు తెలుసని రుజువు లేదు, తెలియదనీ రుజువు లేదు. రుజువు లేనప్పుడు ముద్దాయికే లాభం.

---

కోటగుమ్మం

కోర్టులో అయితే సరే. చరిత్రలో ముద్దాయి తర్వాత ఎలా ప్రవర్తించాడో కూడా చూస్తాం కదా. తానెగీని శిక్షించాడా? దగ్గరే పెట్టుకున్నాడు. తర్వాత బోకేర్‌లో పెద్ద ఉద్యోగం ఇచ్చాడు. తెలియకుండా తన పరువు, రాజ్యం ముంచినవాడికి ఎవరైనా ఉద్యోగం ఇస్తారా?

---

వైదేహి_మ

తానెగీ దర్బారు వదిలి వెళ్ళింది 1425లో. వెళ్ళేలా చేసిందెవరు? అప్పుడే సేనాధిపతి అయిన ఆర్తుర్ ద రిష్మోన్. వచ్చీ రాగానే తానెగీ, లూవే వెళ్ళిపోవాల్సిందే అని కూర్చున్నాడు. ఈ రిష్మోన్ భార్య ఎవరో చూడండి. జాన్ కూతురు మార్గరెట్. మొదటి భర్త యువరాజు లూయీ పోయాక 1423లో రిష్మోన్‌ను చేసుకుంది. అదే ఏడాది ఆవిడ చెల్లెలు ఆన్‌ను ఇంగ్లండు తరఫున ఫ్రాన్స్‌ను ఏలుతున్న బెడ్‌ఫర్డ్ డ్యూక్‌కు ఇచ్చారు. ఒక కూతురు మొగుడు ఇంగ్లండు వైపు యుద్ధం నడుపుతున్నాడు, ఇంకో కూతురు మొగుడు యువరాజు కొలువులోనే కూర్చుని తండ్రిని చంపినవాళ్ళను బయటికి పంపుతున్నాడు.

ఈ మొత్తంలో నాకు జాలి వేసేది మిషెల్ మీద. హత్య వార్త వచ్చినప్పుడు గెంట్‌లో భర్త పక్కనే ఉంది. "నీ తమ్ముడు మా నాన్నను చంపాడు" అని ఫిలిప్ అన్నాడంటారు. ఆ మాట తర్వాత మూడేళ్ళు కూడా బతకలేదు. 1422లో చనిపోయింది, 27 ఏళ్ళు. విషం పెట్టారని ఊళ్ళో పుకారు. ఆవిడ తమ్ముడికి ముందే తెలుసా లేదా అని ఆరొందల ఏళ్ళ తర్వాత మనం వాదించుకుంటున్నాం. గెంట్‌లో ఆవిడ చుట్టూ ఉన్నవాళ్ళకు ఆ అనుమానమే లేదు, తెలుసనే నమ్మారు. అయినా ఆవిడ అంత్యక్రియలకు ఆ ఊరి జనం ఏడ్చారు. హంతకుడి అక్క అని ఎవరూ అనలేదు.

---

పాతకాగితం

వైదేహి గారూ, మీరిచ్చిన 1425 సంగతి కోటగుమ్మం గారి ప్రశ్నకు సగం జవాబే. రిష్మోన్ పట్టుబడితే తానెగీ గొడవ చెయ్యకుండా వెళ్ళాడు. రాజు అతని మీద కేసు పెట్టలేదు, ఆస్తి లాక్కోలేదు. చేతికి దక్షిణాన ఒక పదవి ఇచ్చి పంపాడు. 1418 రాత్రి ప్రాణం కాపాడినందుకు అనుకోవచ్చు, మోంత్రోకు అనుకోవచ్చు. రెండిటిలో ఏదో మీరు తేల్చండి, నేను రేపు సాయంత్రం వచ్చి ఎదురు వాదిస్తాను.